ఆ చెవి మా నాయనది

మొన్నొక ఆదివారం మధ్యాహ్నం చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తూ కూర్చుంటే మా అమ్మాయి లాప్‌టాప్ తెచ్చి నా ముందు పెట్టింది. దానికి తెలుగు అర్థమవుతుంది గాని నోట్లోంచి రాదు. నాతో హిందీ, వాళ్ళ నాన్నతో మరాఠీ. కాలేజీలో సినిమాల గురించి చదువుతోంది. అలాంటి చదువు ఒకటుందని నాకింకా పూర్తిగా నమ్మకం కుదరలేదు. వాళ్ళ టీచరు ఒక పాత సినిమాలోని ముక్కను క్లాసులో మళ్ళీ మళ్ళీ వేసి చూపించిందట. అందులో ఒక ముసలామె తెలుగులో ఏదో అంటుంది, ఆ యాస దానికి అందక, అదేమిటో చెప్పమని వచ్చింది.

చూశాను. ఇరుకు గల్లీ. మలుపులో నీళ్ళ నల్లా. నేలమీద దింపిన పాడె. ముసలామె వంగి శవం చెవిలో పిలుస్తుంది. ఆగి మళ్ళీ పిలుస్తుంది. మూడోసారి పిలిచాక అలాగే వంగి ఉండి, జవాబు కోసం వింటుంది. ఆమె ఇంకా వింటూ ఉండగానే సినిమా మరో చోటికి వెళ్ళిపోతుంది.

మన దేశం సినిమాల్లో ఇంత గొప్ప నిశ్శబ్దం ఇంకోటి లేదని టీచరు చెప్పిందట. ఆ ముసలామె ఎవరో, నటన ఎక్కడ నేర్చుకుందో ఎవరికీ తెలియదట. నాకు నవ్వొచ్చింది, వెంటనే కోపమూ వచ్చింది. రెండూ ఎవరిమీదో తెలియలేదు. ఆమె మా అవ్వ. ఆ పాడె మీద ఉన్నది మా నాయన. ఆ సినిమా మాట ఇంట్లో ఎత్తకూడదని అవ్వ శాసనం చేసింది. అవ్వ పోయాక కూడా, ఎత్తకపోవడం అలవాటైపోయి, నేను ఎవరికీ చెప్పలేదు.

మేమప్పుడు బొంబాయి కామాటిపురలో ఉండేవాళ్ళం. సానివాడగా పేరుబడ్డ చోటు కాబట్టి ఆ పేరు చెప్తే ఊళ్ళోవాళ్ళ ముఖాలు ఎలా మారతాయో మాకు తెలుసు. అందుకని అమ్మ కొత్తవాళ్ళకు చిరునామా చెప్పేటప్పుడు గొంతు తగ్గించి ఫాక్‌లాండ్ రోడ్డు దగ్గర అనేది. అది ఇంకా ఘోరమని ఆమెకు ఎవరూ చెప్పలేదు. మా గల్లీకి పేరు లేదు, అంకె ఉండేది. మూడంతస్తుల చాల్, ఒక్కో అంతస్తుకు పొడుగాటి వరండా, వరండా పొడుగునా గదులు. ఒక గదిలో ఉల్లిగడ్డ వేగితే చాల్ అంతటికీ ఆకలయ్యేది. పొద్దున జొన్నరొట్టె కాలే వాసన, మధ్యాహ్నం ఎండు బొంబిల్ చేపలు వేయించిన వాసన, వానాకాలంలో ఆరని బట్టల వాసన. ఇప్పటికీ ఎక్కడైనా తడిబట్ట ముక్కిన కంపు కొడితే నాకు అదే మా ఇల్లు అనిపిస్తుంది.

మా ముత్తాతలు పాలమూరు నుంచి రాళ్ళు మోయడానికి వచ్చి, ఈ ఊరు కట్టి, కట్టిన ఊళ్ళో ఒక గది సంపాదించుకున్నారు. మా తాతదీ కట్టుబడి పనే. నాయన కూడా కట్టేవాడు గాని ఆయన కట్టేది సినిమా స్టూడియోల్లో. చెక్క, గోనె, ప్లాస్టర్ పిండి. రాజుల కోటలు, జైళ్ళు, గుళ్ళు. షూటింగ్ అయిపోగానే వాటిని పడగొట్టేవాళ్ళు. సాయంత్రం ఇంటికొచ్చేసరికి ప్లాస్టర్ పడి నాయన జుట్టంతా తెల్లగా ఉండేది. మోరీ దగ్గర కూర్చుని నాలుగు చెంబులు పోసుకోగానే మళ్ళీ పడుచువాడయ్యేవాడు. అందరి నాన్నలూ రోజూ అలా ముసలివాళ్ళై వస్తారనే నేను అనుకునేదాన్ని.

అవ్వకు ఆ పనంటే చులకన. “మీ నాయిన వెట్టిన రాయి ఇంకా గట్లనే ఉన్నది. నువ్వు గట్టిన కోట యాడున్నది రా?” అనేది. నాయన రొట్టె తుంచుకునేవాడు. అవ్వ అంటే నాయనకు తల్లి. ఆయనా అవ్వా అనే పిలిచేవాడు, మేమూ అలాగే పిలిచేవాళ్ళం.

నెలకోసారి నాయన మమ్మల్ని సినిమాకు తీసుకెళ్ళేవాడు. హీరోయిన్ స్తంభానికి ఆనుకుని కన్నీళ్ళు పెట్టుకుంటూ ఉంటుంది, హాలంతా ముక్కులు చీదుతూ ఉంటుంది, నాయన నా చెవిలో, “ఆ స్తంభం నాది” అనేవాడు. రంగు ఇంకా ఆరలేదని చెప్తున్నా వినకుండా ఆనుకుందనీ, చీర పాడైందనీ, ఆ ఏడుపులో కొంత నిజం ఉందనీ చెప్పేవాడు. నేను స్తంభాన్నే చూసేదాన్ని. హాల్లో అంతమంది ఉండి ఒక్కరూ స్తంభాన్ని చూడకపోవడం నాకు వింతగా ఉండేది. నాయనకు అది వింత కాదు, బాధ. తాగినప్పుడు తప్ప పైకి అనేవాడు కాదు. ఎప్పటికైనా తెరమీద తన ముఖం కనిపించాలి, ఒక్కసారి, దగ్గరగా. అదీ ఆయన కోరిక. అద్దం ముందు దువ్వుకుంటూ ముఖాన్ని అటూ ఇటూ తిప్పి చూసుకోవడం అమ్మ చూసి మూతి తిప్పుకునేది.

ఒక ఏడాది వానాకాలం వెళ్ళిపోయాక ఒకరోజు నాయన వెంట ఒక సన్నటి మనిషి వచ్చాడు. మాసిన గడ్డం, భుజాన గుడ్డసంచీ. చందా అడగడానికి వచ్చాడేమో అనుకుని అమ్మ లోపలికి వెళ్ళిపోయింది. ఆయన డైరెక్టరట. డైరెక్టర్లంటే తెల్ల బూట్లు వేసుకుని కుర్చీలో కూర్చుంటారని మా అభిప్రాయం. ఈయన గడపలో చాపమీద కూర్చుని, అమ్మ ఇచ్చిన చాయ్‌లో జొన్నరొట్టె ముంచుకుని తిన్నాడు. పాటలు, ఫైట్లు లేని సినిమా తీస్తాడట. సెట్లు వద్దట, నిజం గల్లీ కావాలి, నిజం మనుషులు కావాలి. ఇన్నేళ్ళు సెట్లు కట్టి బతికిన నాయన అది వింటూ ఎందుకంత సంతోషంగా తలూపుతున్నాడో నాకు అర్థం కాలేదు.

కథ సులువే. ఒక కూలీ పరంజ మీదినుంచి పడి చనిపోతాడు, తర్వాత అతని పెళ్ళాం ఎలా బతికిందన్నది సినిమా. చనిపోయే కూలీకి ఎవరూ చూడని ముఖం కావాలని డైరెక్టరు ఆ ఇంటా ఈ ఇంటా తిరిగి, చివరికి మా నాయన ముఖాన్నే వేళ్ళ సందులోంచి చాలాసేపు చూశాడు. మాటలు లేవు, కదలికలు లేవు. పాడె మీద పడుకోవాలి. కాని ముఖం మాత్రం చాలా దగ్గరగా, తెరంతా నిండేలా తీస్తానన్నాడు. నాయన చాయ్ గ్లాసు కింద పెట్టడం మరచిపోయాడు.

ఈ సంగతి విని అవ్వ అన్నం మానేసింది.

దానికి కారణం ఉంది, మాకు కథలాగా తెలిసిన కారణం. మా తాత నిజంగానే పరంజ మీదినుంచి పడి పోయాడు. అప్పుడు అవ్వ ఊళ్ళో ఉంది, నాయన కడుపులో ఉన్నాడు. కబురు అంది, బండెక్కి, బొంబాయి చేరేసరికి అంతా అయిపోయింది. మాలో పాడెను దారిలో ఒకచోట దింపి, చెవిలో మూడుసార్లు పేరు పెట్టి పిలుస్తారు. దింపుడు కల్లం అంటారు. ప్రాణం ఇంకా ఎక్కడైనా తచ్చాడుతుంటే తనవాళ్ళ గొంతు విని తిరిగొస్తుందని. తాతను పిలవడానికి తనవాళ్ళెవరూ లేరు. పనిలో తోటివాళ్ళే పిలిచారు. తన గొంతు విని ఉంటే లేచేవాడని అవ్వ నమ్మకం. చనిపోయాడని ఆసుపత్రి వాళ్ళే రాసిచ్చారు కదా అని ఎవరైనా అంటే, వాళ్ళు పిలిచి చూశారా అని అడిగేది.

ఇప్పుడు కొడుకు అదే చావు చస్తానంటున్నాడు, పైగా ముఖంలో పెళ్ళికళ. కింది గదిలో ఒక ముసలాయన ఉండేవాడు, మేమంతా పెద్ద తాత అనేవాళ్ళం. చాల్‌లో ఎవరు పోయినా పాడె కట్టేది ఆయనే. పంచాయతీ ఆయన దగ్గరికి వెళ్ళింది. ఆయన బీడీ కాల్చుకుంటూ రెండువైపులా విన్నాడు. అబ్బాయి ముచ్చట కాదనలేం, తల్లి భయమూ కాదనలేం అన్నాడు. తర్వాత అవ్వ వైపు తిరిగి చెప్పిన మాట నాకు బాగా గుర్తు.

“ఒక్క ముడి తప్పేస్త పిల్లా. మనుషులకు ఎర్క గాదు గని దేవునికి ఎర్కైతది, గిది ఉత్త ఆట అని.”

అవ్వ ఒప్పుకోలేదు, కాదనీ అనలేదు. ఆ సాయంత్రం రెండు ముద్దలు తింది. దేవుడు ముడులు చూస్తాడా అని నేను అడిగితే, చూడకపోతే ఆయనకు వేరే పనేముంది అంది.

నాయన చావడం అభ్యాసం చేయసాగాడు. పని నుంచి రాగానే నేలమీద వెల్లకిలా పడుకుని ఊపిరి బిగబట్టేవాడు. తమ్ముడూ నేనూ కాపలా. పొట్ట కదిలితే చెప్పాలి. మేం చెప్పడంతో ఊరుకుంటామా. అరికాళ్ళ మీద చీపురుపుల్లతో గీకేవాళ్ళం. వేయించిన బొంబిల్ ముక్క తెచ్చి ముక్కు దగ్గర ఆడించేవాళ్ళం. ఆయన రాయిలా ఉండేవాడు. ఒకసారి ఎంతకీ కదలకపోతే తమ్ముడు గుక్కపట్టి ఏడ్చాడు. నాయన ఒక కన్ను తెరిచి, “మస్తు జేస్తున్ననా?” అని అడిగాడు. నేను నవ్వాను గాని ఆయన పొట్ట మీదినుంచి చెయ్యి తీయలేదు. అది ఆటని తెలుసు. తెలిసినా భయమెందుకో తెలియదు.

షూటింగ్‌కు ముందు బట్టలు చూసే ఒకామె వచ్చి, వరండాలో ఆరేసిన అమ్మ పాత చీరను చూసి ముచ్చటపడి, దానికి బదులు కొత్త చీర ఇచ్చి పట్టుకెళ్ళింది. అమ్మ మురిసిపోయి చుట్టుపక్కలంతా చూపించుకొచ్చింది. ఆ పాతది ఎవరు కట్టుకుంటారో ఆలోచించలేదు.

షూటింగ్ రోజు పొద్దున్నే చాల్ చాలంతా గల్లీలో ఉంది. గుమ్మం ముందు పాడె. దానిమీద నాయన. ముఖాన పసుపు, ముక్కుల్లో దూది, నుదుట రూపాయి బిళ్ళ, మెడదాకా బంతిపూలు. పక్కన ఆయన పెళ్ళాం. మా అమ్మ చీర కట్టుకుని, మా అమ్మలాగే కొంగు దోపుకుని, మా అమ్మ కాని ఒకామె నాయన పాదాలమీద పడి హిందీలో ఏడుస్తోంది. ఎంత బాగా ఏడ్చిందంటే నేనూ ఏడ్చాను. ఆపమనగానే ఆమె లేచి కళ్ళు తుడుచుకుని చాయ్ అడిగింది. నేను ఆపలేకపోయాను. పక్కింటి పిల్ల నా మోచెయ్యి పట్టుకుని, మీ నాయన నిజంగా చచ్చిపోయాడా అని గుసగుసగా అడిగింది. ఆయన పొట్ట కదలడం లేదు. ముడి ఎక్కడ తప్పువేశారో వెతికాను, పూల కింద కనబడలేదు.

పైన వరండాలోంచి చూసిన అమ్మ లోపలికి పోయి తలుపేసుకుంది. పక్కింటావిడ బతిమాలుతుంటే తలుపు వెనకనుంచే జవాబు చెప్పింది. “నా చీర గట్టుకొని నా మొగని మీద వడి ఏడుస్తుంది. నేనేం జెయ్యాలె మరి? సూసుకుంట నవ్వాలెనా?” అవ్వ మాత్రం గదిలో లేదు. ఎక్కడికి వెళ్ళిందో ఎవరూ చూడలేదు.

డైరెక్టరు ఏర్పాటు ఇది. గల్లీ లోపలినుంచి పెద్దరోడ్డుదాకా శవయాత్ర. కెమెరాను చేతిబండి మీద పెట్టి, పాడెకు ముందుగా వెనక్కి లాక్కుంటూ పోతారు. అది ఒకే ఊపులో అయిపోవాలి, ఎక్కడా ఆగకూడదు. ఎండ నడినెత్తికి వచ్చాక నాయన ముఖం దగ్గరగా తీస్తారు. పాడె మోసేందుకు నటులు ఎందుకని మా చాల్ వాళ్ళనే పెట్టుకున్నారు. డప్పుల వాళ్ళూ మావాళ్ళే. నిజం మనుషులు కావాలన్నాడు కదా, దొరికారు.

డప్పులు మొదలయ్యాయి. పాడె లేచింది. ముందు పెద్ద తాత, వెనక ఆ నటి, ఆ వెనక మేమందరం. నడుస్తూ నడుస్తూ నల్లా మలుపు దగ్గరికి వచ్చాం. మా గల్లీలో ఎవరు పోయినా పాడె దిగేది అక్కడే. ఎవరూ చెప్పలేదు, ఎవరూ సైగ చేయలేదు. నల్లా కనబడగానే మోసే నలుగురి కాళ్ళూ ఆగాయి, నలుగురి భుజాలూ వంగాయి, పాడె నేలమీదికి దిగింది. డప్పులు ఆగిపోయాయి. చేతిబండి లాగేవాళ్ళు ఆగారు. దిగాక గాని తామేం చేశారో వాళ్ళకు తెలియలేదు. ఒకడు నాలుక కరుచుకున్నాడు. డైరెక్టరు చెయ్యి పైకెత్తాడు, ఆపమనడానికే. కాని ఎత్తిన చెయ్యి అలాగే ఉంచేశాడు. ఎందుకంటే నల్లా పక్కనుంచి అవ్వ వస్తోంది.

ఆమె పొద్దుటినుంచీ అక్కడే నిలబడి ఉంది. దింపుతారని ఆమెకు తెలుసు. దింపాక పిలిచేవాళ్ళు ఉండాలని తెలుసు. పెళ్ళాంగా వేసినామెకు ఆ సంగతి తెలియదు, తెలిసినా ఆమె గొంతు వాడి ప్రాణానికి ఎలా తెలుస్తుంది? తర్వాత అవ్వే అమ్మతో చెప్పింది: “పిలువకపోతె ఎట్లొస్తడే వాడు?”

అవ్వ వంగింది. నాయన పేరు పెట్టి, “కొడకా, లే” అంది. కెమెరా తిరిగే చప్పుడు నాకు వినబడుతోంది. నాయన కదల్లేదు. రెండోసారి పిలిచింది. ఆమె గొంతు ఎప్పుడూ గట్టిది, నల్లా దగ్గర ఎదుటివాళ్ళ బిందెలు జరిపించిన గొంతు. అది సన్నబడిపోయింది. నాయన కదల్లేదు. చుట్టూ ఉన్న ఆడవాళ్ళు కొంగులు నోటికి అడ్డం పెట్టుకున్నారు. ఇది ఆటని చెప్పేవాళ్ళు ఒక్కరూ లేరు. నాకూ ఏది ఏదో తెలియకుండా పోయింది. తెరంతా నిండాల్సిన ముఖం అది. ఒక్క అరగంట అలాగే ఉంటే చాలు, ఆయన జీవితంలో అడిగింది అదొక్కటే. మూడోసారి పిలిచి అవ్వ అలాగే వంగి ఉండిపోయింది, తన ముఖాన్ని ఆయన నోటి దగ్గర పెట్టి.

“ఆఁ, అవ్వా” అన్నాడు నాయన.

పొద్దున మంచంమీదినుంచి లేచేటప్పుడు అన్నట్టే అన్నాడు. ముక్కులో దూది ఉండటంతో కాస్త ముద్దగా వచ్చింది. అని లేచి కూర్చున్నాడు. బంతిపూలు జలజలా రాలాయి, రూపాయి బిళ్ళ దొర్లుకుంటూ మోరీలో పడింది. షూటింగని తెలియక రోడ్డుమీదినుంచి తొంగిచూస్తున్న ఒకతను చేతిలో చాయ్ గ్లాసులన్నీ వదిలేసి పరుగెత్తాడు. అవ్వ నాయన ముఖంలోకి ఒక్క క్షణం చూసి, చెంప ఛెళ్ళుమనిపించింది. తర్వాత ఆ తలను రెండు చేతులా పట్టుకుని పొట్టకు అదుముకుని ఏడ్చింది. మా అవ్వ ఏడవగా నేను చూసింది అప్పుడే. పాడె మీద కొడుకును పెట్టుకుని సంతోషంతో ఏడవడమేమిటో నాకు ఏమీ అంతుపట్టలేదు. నేను నాయన కాలి బొటనవేలు గట్టిగా పట్టుకున్నాను.

డైరెక్టరు వచ్చి మోకాళ్ళమీద కూర్చుని, ఏం ఫర్వాలేదు, మళ్ళీ పడుకో, ముఖం తీసేద్దాం అన్నాడు. ఆయనకు కోపం కూడా రాలేదు. నాయన పూలు ఏరుకుంటూ అవ్వ వైపు చూశాడు. ఆమె వద్దని ఉంటే గొడవపడేవాడేమో. ఆమె ఆయన భుజంమీది పసుపు తుడుస్తూ ఉంది, అంతే. నాయన చాలాసేపు కెమెరా వైపు చూశాడు. “నై సాబ్, ఇక గాదు” అని ముక్కుల్లోంచి దూది తీసేసుకున్నాడు.

అవ్వ ఆయన్ని నేరుగా ఇంట్లోకి రానివ్వలేదు. నల్లా కింద కూర్చోబెట్టి, వేపాకు పసుపు వేసిన నీళ్ళు బిందెలతో పోయించింది. నడినెత్తిన పసిపిల్లలకు పెట్టినట్టు ఆముదం పెట్టింది. అమ్మ తలుపు తీసి, కొత్త చీర కట్టుకుని వచ్చి, కుడికాలు ముందు పెట్టించి లోపలికి తీసుకెళ్ళింది. ఆ రోజు ఇంట్లో తలకాయ కూర, పూర్ణం పెట్టిన బక్షాలు. పుట్టినరోజు అట. ఎవరి పుట్టినరోజని తమ్ముడు అడిగితే, మీ నాయనది అన్నారు. పొద్దున చచ్చిపోయినందుకు సాయంత్రం పుట్టినరోజు చేయడం వాడికి మహా నచ్చింది. నేనేమో రెండో బక్షం వాడి పళ్ళెంలో పెట్టేశాను.

ఎందుకు పలికావని నాయనను ఎందరో అడిగారు. ఒకసారి నిద్రపట్టిందనీ, అవ్వ గొంతు వినగానే పనికి ఆలస్యమైందనుకుని లేచాననీ చెప్పేవాడు. ఇంకోసారి ఈగ వాలిందనేవాడు. ఒకసారి తాగి వచ్చి, “మూడుమాట్లు పిలిస్తె పలుకకుంట ఉంటర్రా ఎవడన్న?” అని చాల్ అంతటినీ నిలదీశాడు. ఏది నిజమో నాకు తెలియదు. అన్నీ నిజమేనేమో.

సినిమా చాన్నాళ్ళకు వచ్చింది. పెద్దపెద్ద బహుమతులు వచ్చాయని తెలిసినవాళ్ళు చెప్పారు. మా దగ్గరి హాల్లో మార్నింగ్ షో వేశారు. అవ్వ అంతకుముందు హాల్లో అడుగుపెట్టి ఎరగదు. ఆ రోజు తలకు నూనె రాసుకుని, చెప్పులు తొడుక్కుని మాకంటే ముందు తయారైంది. వెళ్తుంటే చెప్పింది, కొడుకు లేచి కూర్చోవడం ఊరంతా చూస్తుందని. ఆమె దృష్టిలో ఆ సినిమా కథ అదే. పిలిస్తే మనిషి తిరిగొచ్చిన కథ.

హాల్లో చీకటి. మా గల్లీ వచ్చింది, మా నల్లా వచ్చింది. మావాళ్ళంతా ఈలలు వేశారు. తెరమీద అవ్వ వంగింది. పిలిచింది. మళ్ళీ పిలిచింది. మూడోసారి పిలిచి, ఏనుగంత ముఖంతో విన్నది. హాలంతా ఊపిరి బిగబట్టింది. నా పక్కన కూర్చున్న అవ్వ కూడా ముందుకు వంగి విన్నది. అంతలో తెరమీద ఏదో ఆఫీసు, ఎవరో గుమాస్తా, టైపు చప్పుడు.

అవ్వ కాసేపు ఆగింది. సినిమా పొరపాటున ముందుకు పోయిందనీ, వెనక్కి వస్తుందనీ అనుకుందేమో. రాలేదు.

“వాడు పలికిండు గద” అంది మెల్లగా. “పలికింది యాడవోయింది?”

ఎవరో ఉష్ అన్నారు. నాయన వంగి ఆమెకు చెప్పబోయాడు. ఆయన ఆ సంగతి ముందే విని వచ్చాడు. చనిపోయినవాడు పలికితే అక్కడితో కథ ఆగిపోతుందనీ, కాబట్టి ఆ ఒక్క మాట కోసేశాననీ డైరెక్టరు ఇంటికొచ్చి చెప్పి వెళ్ళాడు. నాయన నవ్వి సరేనన్నాడట. ఏమి చూసి సరేనన్నాడో. తెరమీద ఆయన ముఖం లేదు. అవ్వ తల, అవ్వ కొంగు అడ్డమై, ఒక మూలకు ఆయన చెవి ఒక్కటే కనిపించింది, దానిమీద కాస్త జుట్టు, చివర్న చిన్న నొక్కు. అంతే. ఆ చెవిని ఆయన కళ్ళార్పకుండా చూశాడు. నా వైపు వంగి, ఎప్పటి అలవాటు చొప్పున, “ఆ చెవి నాది” అన్నాడు. గొంతులో నవ్వు ఉంది. నవ్వే ఉందని అప్పుడు అనుకున్నాను.

అవ్వ మాత్రం చీకట్లో ఆయన చెయ్యి దొరకబుచ్చుకుని, మణికట్టు పట్టుకుని సినిమా అయ్యేదాకా వదల్లేదు. బయటికొచ్చాక ఎండలో ఆయన ముఖం చూసి, “నేను లేపితె వాళ్ళు మళ్ళ సంపిన్రు” అంది. ఇంటికి వెళ్ళి చెప్పులు మంచం కిందికి తోసింది. ఇక ఆ సినిమా మాట ఇంట్లో వినబడలేదు. వీధిలో ఎవరైనా నీ యాక్టింగ్ బాగుందమ్మా అంటే చేతిలో ఏముంటే దానితో వెంటపడేది. ఇంత ప్రేమగా జనం చూస్తున్న సినిమా మా ఇంట్లో ఒక తిట్టు.

అవ్వ పోయింది. పెద్ద తాత పోయాడు. ఆ చాల్ ఇప్పుడు లేదు, చుట్టూ రేకులు కట్టి పెద్ద మేడ లేపుతున్నారు. మేం చెదిరిపోయి, కొందరం వర్లిలో, కొందరం లోకల్ రైలు చివరి స్టేషన్లలో తేలాం. నాయన కూడా నిరుడు పోయాడు, నిద్రలో. స్నానం చేయించారు. జుట్టు నల్లబడలేదు. పెద్ద తాత మనవడు పాడె కట్టాడు. నేను పూలు పక్కకు జరిపి చూశాను. ముడులన్నీ సరిగ్గానే వేసి ఉన్నాయి.

నాయన చివరికి ఉన్న చోట వీధి నల్లా లేదు. ఒక కరెంటు స్తంభం దగ్గర దింపారు. తమ్ముడు వంగి పిలిచాడు. చాలదనిపించి, నేనూ వంగాను. కాస్త పెద్దదైంది గాని అదే చెవి. చివర్న ఆ చిన్న నొక్కు కూడా అలాగే ఉంది. నాయనా అని పిలిచాను. మూడుసార్లూ పిలిచి విన్నాను. నలుగురూ చూస్తున్నారని తెలుసు, అయినా చాలాసేపే విన్నాను. నన్ను లేపడానికి ఎవరో భుజం పట్టుకునేదాకా విన్నాను. అప్పుడు నా ముఖం అవ్వ ముఖంలాగే ఉండి ఉంటుంది.

మా అమ్మాయికి ఇదంతా చెప్పేసరికి చిక్కుడుకాయలు అలాగే మిగిలాయి. అది నోరు తెరుచుకుని విని, మళ్ళీ మొదటినుంచీ వేసి, తాతయ్య ఎక్కడ అని అడిగింది. చెవి చూపించాను. అది వేలితో తెరను తాకింది. అసలు దానికి తెలియాల్సింది ముసలామె ఏమంటోందన్నది, అదీ చెప్పాను. అయితే ఆమెకు జవాబు రాలేదన్నమాట, ఎంత విషాదం మమ్మీ అంది హిందీలో. వచ్చిందే, కోసేశారని ఇప్పుడేగా చెప్పాను అన్నాను. దానికి అర్థమైందో లేదో. వాళ్ళ టీచరుకు చెప్పాలా వద్దా అని అడిగితే నాకూ తోచలేదు. ఎవరు చూసినా జవాబు రాని సినిమాయే కదా గొప్పది.

అది లాప్‌టాప్ ఇక్కడే వదిలేసి స్నేహితురాళ్ళతో బయటికి వెళ్ళింది. ఎలా వేయాలో చూపించి వెళ్ళింది. నేను తలుపేసి వచ్చి కూర్చున్నాను. పాడె దిగింది. అవ్వ వంగింది. పిలిచింది. మళ్ళీ పిలిచింది. మూడోసారి పిలిచి, అక్కడే ఆగి, ఇన్నేళ్ళుగా వింటూనే ఉంది.

ఎవరో ఒకరు పలకాలి కదా. ఇంట్లో ఎవరూ లేరు. “ఆఁ, అవ్వా” అన్నాను.